సున్నంతో మొదలయ్యే వంట

మెక్సికో వంట నేర్చుకుందామని వెళ్లేవాళ్లు మిరపకాయల కోసమో, చాక్లెట్ కోసమో ఎదురుచూస్తారు. కానీ దక్షిణ మెక్సికోలోని వహాకా నగరంలో గానీ, చుట్టుపక్కల జాపోటెక్ మూలవాసుల పల్లెల్లో గానీ శ్రద్ధగా నేర్పే వంటింట్లో అడుగుపెడితే ముందుగా చూపించేది తెల్లటి సున్నం. మనం తాంబూలంలో రాసుకునే సున్నమే. అక్కడ దాన్ని ‘కాల్’ అంటారు. గిన్నెలో ఎండు మొక్కజొన్న గింజలు, వాటికి మూడింతల నీళ్లు, కిలో గింజలకు సుమారు పది గ్రాముల సున్నం. మెక్సికో తిండికి వేల ఏళ్లుగా ఈ మూడే పునాది. టోర్టియా అనే రొట్టె, పొత్తు ఆకుల్లో చుట్టి ఆవిరిమీద ఉడికించే తమాలే, పలచటి జావలు, అన్నీ ఈ గిన్నెలోంచే వస్తాయి.

ఇలా సున్నంలో ఉడికి నానిన మొక్కజొన్నను నిష్తమల్ అంటారు. మెక్సికోకు వెళ్లి వంట నేర్చుకునేవాళ్లు ఇంకేమీ నేర్చుకోకపోయినా ఈ ఒక్కటీ నేర్చుకోవాలని నా అభిప్రాయం. మొక్కజొన్న గింజ ఓడలెక్కి ప్రపంచమంతా తిరిగింది. దాన్ని వండే విద్య మాత్రం ఓడ ఎక్కలేదు. ఆ ఒక్క లోటు వల్ల రెండు ఖండాల్లో లక్షలమంది జబ్బుపడ్డారు, ఎంతోమంది చనిపోయారు. ఆ జబ్బు జాడ హైదరాబాద్ దాకా ఉంది. వంటింటి పని కూడా విజ్ఞానమే అనడానికి ఇంతకంటే గట్టి ఉదాహరణ నాకు తెలియదు.

వహాకా తరగతులు చాలావరకు పొద్దున్నే సంతలో మొదలవుతాయి. నేర్పే ఆవిడ బుట్ట పట్టుకుని ముందు నడుస్తుంది, నేర్చుకునేవాళ్లు వెనక నడుస్తారు. నగరంలో అయితే సెంట్రల్ దె అబాస్తోస్ అనే మహా సంత, ఆదివారం అయితే త్లాకోలూలా ఊరి సంత. అక్కడ మొక్కజొన్న అంటే ఒక గింజ కాదు. తెలుపు, పసుపు, ఎరుపు, నల్లటి నీలం రంగుల్లో రాశులు పోసి ఉంటాయి. మెక్సికోలో సుమారు 60 దేశవాళీ జాతులను గుర్తించారు. వహాకా లోయలో బొలీతా అనే జాతి గింజతో త్లయూదా చేస్తారు. పళ్లెమంత వెడల్పుగా, ఆరబెట్టినట్టు గట్టిగా ఉండే రొట్టె అది. ఏ రొట్టెకు ఏ గింజ, ఏ జావకు ఏ గింజ అన్నది అమ్మే ఆవిడకూ కొనే ఆవిడకూ ముందే తెలుసు, ఆ మాట చర్చకే రాదు.

అదే సంతలో ఓహా సాంతా అనే పెద్ద ఆకు కట్టలు కట్టి అమ్ముతారు. నలిపితే సోంపు వాసన వస్తుంది. వృక్షశాస్త్రం ప్రకారం అది పైపర్ ప్రజాతికి చెందిన మొక్క. తమలపాకు, మిరియం కూడా ఆ ప్రజాతివే. సున్నమూ, పైపర్ ఆకూ రెండూ ఉన్న సంస్కృతులు రెండు వాటిని ఇంత వేర్వేరు దారుల్లో వాడుకున్నాయంటే ఆశ్చర్యంగా ఉంటుంది. మనం రెండింటినీ కలిపి భోజనం తర్వాత నోట్లో పెట్టుకున్నాం. వాళ్లు సున్నాన్ని రొట్టెలో, ఆకును కూరలో పెట్టుకున్నారు.

ఇక గిన్నె సంగతి. నీళ్లలో సున్నం కలిపి గింజలు పోసి పొయ్యి మీద పెడతారు. రొట్టెల కోసమైతే అరగంట, ముప్పావుగంట సన్నమంట. తర్వాత దించి మూతపెట్టి రాత్రంతా వదిలేస్తారు. వచ్చిన వాళ్లకు చూపించడం కోసం పొద్దున ఒక గిన్నె ఎక్కించినా, ఆ రోజు రొట్టెలకు వాడేది మాత్రం ముందురోజు రాత్రి నానబెట్టిందే. తెల్లని గింజ సున్నపునీళ్లు తగలగానే పసుపు తిరుగుతుంది. గింజలోని ఫ్లేవనాయిడ్లు క్షారంలో చూపే రంగు అది. వంటావిడ గింజను రెండు వేళ్ల మధ్య పెట్టి రుద్దుతుంది. పైపొట్టు జారి ఊడివస్తే ఉడికినట్టు. గడియారాన్ని ఆమె పెద్దగా పట్టించుకోదు. గింజ పాతదైతే ఎక్కువసేపు పడుతుంది, కొత్తదైతే తక్కువ. ఆ తేడా వేళ్లకే తెలుస్తుంది.

ఆ రాత్రి గిన్నెలో ఏం జరుగుతుంది? సున్నపునీటి పీహెచ్ సుమారు 12, అంటే బాగా క్షారం. మొక్కజొన్న పైపొట్టును గట్టిగా పట్టి ఉంచేవి హెమిసెల్యులోజ్ అనే పీచు పదార్థాలు. వాటిని ఒకదానితో ఒకటి కుట్టి ఉంచేది ఫెరూలిక్ ఆమ్లం. క్షారం ఆ కుట్లను విప్పేస్తుంది. పొట్టు కరిగి బంకగా మారి నీళ్లలోకి కొంత, గింజకు అంటుకుని కొంత మిగులుతుంది. నీళ్లు లోపలికి చేరి గంజిపదార్థం ఉబ్బుతుంది, అందులో కొంత పాకంలా మారుతుంది. కాల్షియం అయాన్లు లోపలికి వెళ్లి పెక్టిన్ పోగులను ఒకదానికొకటి పట్టి ఉంచుతాయి. ట్రిప్టోఫాన్ అనే అమినో ఆమ్లం కొంత విరిగి, అమినోఅసిటోఫినోన్ అనే వాసన పదార్థం పుడుతుంది. టోర్టియా దుకాణం ముందు నుంచి వెళ్తుంటే ముక్కుకు తగిలే ఆ ప్రత్యేకమైన కమ్మదనంలో దీని పాలు పెద్దది. పచ్చి మొక్కజొన్న పిండిని ఎంత వేయించినా ఆ వాసన రాదు.

జొన్నరొట్టె చేసే ఇళ్లలో వాళ్లకు ఇక్కడో విషయం వెంటనే అర్థమవుతుంది. జొన్నలో గోధుమలా గ్లూటెన్ ఉండదు కనుక చన్నీళ్లతో కలిపితే పిండి విరిగిపోతుంది. అందుకే మరిగే ఎసరు పోసి కలుపుతారు. వేడికి గంజి కొంత ఉడికి జిగురొస్తుంది, అప్పుడు రొట్టె తట్టడానికి వీలవుతుంది. మొక్కజొన్నలోనూ గ్లూటెన్ లేదు. మరిగే నీళ్లు చేసే పనినే అక్కడ రాత్రంతా సున్నం చేస్తుంది, ఇంకా బలంగా చేస్తుంది. ఉడికిన గంజి, పొట్టులోంచి వచ్చిన బంక, కాల్షియం, మూడూ కలిసి ముద్దను పట్టి ఉంచుతాయి. ఆ ముద్దను మాసా అంటారు.

అయితే జిగురు కోసం ఎవరూ సున్నం కలిపి ఉండకపోవచ్చు. మొదట ఎందుకు కలిపారన్నది రాసి పెట్టినవాళ్లు లేరు. దొరికిన ఆధారాల్లో బాగా పాతవి గ్వాతెమాలా దక్షిణ తీరంలోవి. అక్కడ బయటపడిన, సున్నంలో గింజలు నానబెట్టిన పాత్రలు క్రీస్తుపూర్వం సుమారు 1500–1200 నాటివి. మొక్కజొన్న దానికంటే చాలా పాతది. నైరుతి మెక్సికోలోని బల్సాస్ నదీ లోయలో పెరిగే టియోసింటే అనే అడవి గడ్డి నుంచి సుమారు 9,000 ఏళ్ల కిందట రైతులు దాన్ని తీర్చిదిద్దారు. టియోసింటే కంకి వేలెడంత కూడా ఉండదు. పదో పన్నెండో గింజలు, ఒక్కొక్కటీ రాయిలాంటి గుల్లలో ఇరుక్కుని ఉంటాయి. దాన్నుంచి మన చేతిలో పట్టనంత పొత్తు రావడం మానవజాతి చేసిన గొప్ప పనుల్లో ఒకటి. వహాకా నగరానికి తూర్పున మిత్లా దగ్గర గిలా నకీత్స్ అనే చిన్న గుహ ఉంది. అక్కడ దొరికిన మొక్కజొన్న కంకి ముక్కలు 6,000 ఏళ్లకు పైబడినవి, గుమ్మడి గింజలు దాదాపు 10,000 ఏళ్ల నాటివి. ఈ గుహల ప్రాంతాన్ని యునెస్కో 2010లో ప్రపంచ వారసత్వ స్థలాల్లో చేర్చింది. అదే ఏడాది మెక్సికో సంప్రదాయ వంటను కూడా మానవజాతి అమూర్త వారసత్వంగా గుర్తించింది. వంట తరగతికి వెళ్లేవాళ్లు ఒక పూట ఆ దారిన వెళ్లిరావడం మంచిది. పొద్దున చేతిలో పట్టిన గింజ ఎంత దూరం నడిచి వచ్చిందో అక్కడ తెలుస్తుంది.

కొలంబస్ తిరుగు ప్రయాణం తర్వాత మొక్కజొన్న స్పెయిన్ చేరింది. తక్కువ నేలలో ఎక్కువ పండే పంట కావడంతో పేదల పొలాల్లోకి త్వరగా వెళ్లింది. ఉత్తర స్పెయిన్, ఉత్తర ఇటలీ, రుమేనియా పల్లెల్లో 18వ శతాబ్దం నాటికి పూటపూటా అదే తిండి. ఓడల్లో వచ్చినవాళ్లు సైనికులు, వర్తకులు, మతగురువులు. గింజను సున్నంలో నానబెట్టి మోకాళ్ల మీద కూర్చుని రాతిమీద నూరిన ఆడవాళ్లు ఎవరూ ఆ ఓడల్లో రాలేదు. వచ్చినవాళ్లకు పిండి మర ఉంది. గోధుమలాగే దీన్నీ మరలో పోసి పిండి పట్టారు, నీళ్లలో ఉడికించి సంకటి చేసుకున్నారు. సున్నం వాళ్లకు అనవసరపు చాదస్తంగా కనిపించి ఉండాలి.

1735లో స్పెయిన్‌లోని అస్తూరియాస్ ప్రాంతంలో గాస్పార్ కసాల్ అనే వైద్యుడు ఒక వింత జబ్బును గమనించాడు. ఎండ తగిలే చోటల్లా చర్మం ఎర్రబడి, నల్లబడి, పొలుసులు రాలుతుంది. మెడచుట్టూ హారం వేసినట్టు మచ్చలు. తర్వాత విరేచనాలు, ఆపైన మతిభ్రమ, చివరికి మరణం. రోగులంతా మొక్కజొన్న మీద బతికే నిరుపేదలే అని కూడా ఆయన గుర్తించాడు. 1771లో ఇటలీ వైద్యుడు ఫ్రాన్సెస్కో ఫ్రాపోలీ దీన్ని పెల్లాగ్రా పేరుతో వర్ణించాడు. కారణం మాత్రం ఇంకో నూటయాభై ఏళ్లకు పైగా దొరకలేదు. చెడిపోయిన గింజ అన్నారు, అంటువ్యాధి అన్నారు, వంశపారంపర్యం అన్నారు.

20వ శతాబ్దం మొదట్లో అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో ఇదే జబ్బు విరుచుకుపడింది. పత్తి పొలాల్లో పనిచేసే పేదల తిండి మొక్కజొన్న పిండి, బెల్లపు పాకం, కొవ్వు మాంసం. 1906 నుంచి 1940 దాకా సుమారు 30 లక్షలమందికి జబ్బు వచ్చిందని, లక్షమంది చనిపోయారని అంచనా. 1914లో ప్రభుత్వం జోసెఫ్ గోల్డ్‌బెర్గర్ అనే వైద్యుణ్ణి ఈ పనిమీద పంపింది. అనాథాశ్రమాల్లో, మానసిక చికిత్సాలయాల్లో ఉన్నవాళ్లకు జబ్బు వస్తోంది, వాళ్లను చూసుకునే సిబ్బందికి రావడంలేదు. అంటువ్యాధి అయితే ఇలా ఉండదని ఆయన వాదించాడు. పాలు, మాంసం, గుడ్లు పెట్టిన చోట జబ్బు తగ్గింది. 1915లో మిసిసిపి రాష్ట్రంలోని ఒక జైలు పొలంలో, క్షమాభిక్ష హామీతో ముందుకొచ్చిన ఖైదీలకు దక్షిణాది పేదల తిండి మాత్రమే పెట్టాడు. పదకొండుమందిలో ఆరుగురికి పెల్లాగ్రా లక్షణాలు కనిపించాయి. ఖైదీలమీద అలాంటి ప్రయోగం ఈనాడు ఎవరూ ఒప్పుకోరు, ఒప్పుకోకూడదు. అయినా కొందరు వైద్యులు అంటువ్యాధి వాదాన్ని వదల్లేదు. అప్పుడు గోల్డ్‌బెర్గర్, ఆయన భార్య మేరీ, సహచరులు రోగుల రక్తాన్ని తమ శరీరాల్లోకి ఎక్కించుకున్నారు, మేరీ కాక మిగతావాళ్లు రోగుల చర్మపు పొలుసులను కూడా మింగారు. ఎవరికీ జబ్బు రాలేదు. తిండిలో లోపించినదేమిటో తెలియకుండానే 1929లో ఆయన చనిపోయాడు. 1937లో విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో కాన్రాడ్ ఎల్వెహ్యెమ్ దాన్ని పట్టుకున్నాడు. అది నికోటినిక్ ఆమ్లం, అంటే నియాసిన్ అనే విటమిన్.

ఇక్కడే సున్నం కథలోకి వస్తుంది. మొక్కజొన్నలో నియాసిన్ అసలు లేకపోలేదు. ఉంది, కానీ ఎక్కువ భాగం పిండిపదార్థాలతో రసాయనికంగా ముడిపడి ఉంది. మన పేగులు ఆ ముడిని విప్పలేవు, క్షారం విప్పగలదు. ట్రిప్టోఫాన్ నుంచి కూడా శరీరం నియాసిన్ తయారుచేసుకోగలదు. 60 మిల్లీగ్రాముల ట్రిప్టోఫాన్‌తో సుమారు ఒక మిల్లీగ్రాము నియాసిన్ వస్తుంది. కానీ మొక్కజొన్నలో ట్రిప్టోఫాన్ తక్కువ. రెండు దారులూ మూసుకున్నప్పుడు పెల్లాగ్రా వస్తుంది. మెక్సికోలో ఒక దారిని సున్నం తెరిచింది, రెండో దారిని చిక్కుడు జాతి గింజలు కొంత తెరిచాయి. అక్కడి పొలంలో మొక్కజొన్న, చిక్కుడు, గుమ్మడి కలిపి వేస్తారు, దాన్ని మిల్పా అంటారు. పళ్లెంలోనూ అవి కలిసే ఉంటాయి. 1974లో సొలమన్ కాట్జ్ అనే మానవశాస్త్రవేత్త, సహచరులతో కలిసి అమెరికా ఖండాల్లోని 51 మూలవాసి సమాజాల వంట పద్ధతులను పోల్చి చూశాడు. మొక్కజొన్న మీద ఎక్కువగా ఆధారపడిన సమాజాలన్నీ దాదాపుగా సున్నమో, బూడిదో, మరేదో క్షారమో వాడుతున్నాయని తేలింది. వహాకాలోనే తెహాతే అనే పానీయానికి సున్నం బదులు కట్టెల బూడిదలో ఉడికించిన మొక్కజొన్న వాడతారు. దాన్ని కకావ్ గింజలు, మమేయ్ పండు టెంకలోని పప్పు, ఒక రకం పువ్వులతో కలిపి నూరి, పైన నురగ తేలేదాకా చేత్తో కలుపుతారు.

హైదరాబాద్ జాడ అన్నాను. కూనూరులో మొదలైన పోషకాహార పరిశోధనశాల 1958లో హైదరాబాద్‌కు మారింది. ఇప్పుడు తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ అదే. అక్కడి శాస్త్రవేత్తలకు ఒక చిక్కుప్రశ్న ఎదురైంది. దక్కన్ పీఠభూమిలో మొక్కజొన్న కాక జొన్న మీద బతికే పేదలకు కూడా పెల్లాగ్రా వస్తోంది. జొన్నలో నియాసిన్ మరీ తక్కువ కాదు. సి. గోపాలన్, ఎస్.జి. శ్రీకాంతియా 1960లో ‘లాన్సెట్’ పత్రికలో తమ వివరణ ప్రకటించారు. జొన్నలోనూ మొక్కజొన్నలోనూ ల్యూసిన్ అనే అమినో ఆమ్లం ఎక్కువ, అది ట్రిప్టోఫాన్ నుంచి నియాసిన్ తయారయ్యే దారిని దెబ్బతీస్తుంది అన్నది వారి వాదన. దానిమీద తర్వాత చాలా చర్చ జరిగింది, అందరు శాస్త్రవేత్తలూ అంగీకరించలేదు. కానీ ఆ పరిశోధన చూపించిన ఒక సంగతి మాత్రం నిలిచింది. ఒక ధాన్యంలో ఒక విటమిన్ ఎంతుందని లెక్కపెడితే సరిపోదు, దానితోపాటు ఇంకేమేం ఉన్నాయో, పళ్లెంలో పక్కన పప్పో పాలో ఉన్నాయో లేదో చూడాలి. జొన్న తప్పు ఏమీ లేదు. జొన్న ఒక్కటే తిని బతకాల్సిన పేదరికమే అసలు జబ్బు. మొక్కజొన్న విషయంలోనూ అంతే. 1990 ప్రాంతంలో మలావీలో తలదాచుకున్న మొజాంబిక్ శరణార్థులకు మొక్కజొన్న రేషన్ అందుతూనే ఉంది, వేరుశనగ రాక ఆగింది. వేలమందికి పెల్లాగ్రా వచ్చింది.

సున్నం ఇంకో మేలు కూడా చేస్తుంది. గింజలో కాల్షియం చాలా తక్కువ. నిష్తమల్ అయ్యాక అది అనేక రెట్లు పెరుగుతుంది. పాలు పెద్దగా తాగని ఇళ్లలో ఎముకలకు కాల్షియం ఎక్కువగా టోర్టియాల నుంచే అందింది. బూజు వల్ల గింజలో పుట్టే ఫ్యూమోనిసిన్ వంటి విషాలు కూడా ఈ ఉడకబెట్టడం, కడగడంలో చాలావరకు తగ్గుతాయి. పొట్టు కరిగిన పసుపు నీళ్లను నెహయోతే అంటారు. దాన్ని పారబోసి గింజల్ని రెండుమూడుసార్లు కడుగుతారు. మరీ ఎక్కువ కడిగితే బంక పోయి రొట్టె విరుగుతుంది, తక్కువ కడిగితే సున్నం చేదు మిగులుతుంది. వంటావిడ చేతికి తెలిసిన ఈ కొలతను పుస్తకంలో రాసి చూపించడం కష్టం. తరగతికి వెళ్లి పక్కన నిలబడి కడిగితేనే పట్టుబడుతుంది.

నూరడానికి మెతాతే అనే మూడు కాళ్ల వాలు రాయి. నల్లటి అగ్నిశిల మీద పొడవాటి రాతి కడ్డీతో ముందుకు నెట్టి వెనక్కి లాగుతూ నూరతారు. వెన్ను, భుజాలు, మణికట్టు మూడూ పనిచేయాలి. తరగతిలో గుప్పెడు గింజలు నూరేసరికే భుజాలు లాగుతాయి. ఆ రాయి ముందు ఇంటికి సరిపడా పిండి కోసం రోజూ గంటల తరబడి మోకరిల్లిన ఆడవాళ్ల శ్రమ కొద్దిగానైనా తెలిసేది అప్పుడే. 20వ శతాబ్దంలో ఊరూరా విద్యుత్ మరలు, అంటే మొలీనోలు వచ్చాక ఆ చాకిరీ తగ్గింది. ఇప్పుడు పల్లెల్లో తెల్లవారుజామున బకెట్లలో నిష్తమల్ పట్టుకుని మొలీనో దగ్గరకు వెళ్లి ముద్ద పట్టించుకుని వస్తారు. మంచి తరగతులు నేర్చుకునేవాళ్లను మొలీనోకు కూడా తీసుకెళ్తాయి. సంప్రదాయం పేరుతో మెతాతే ఒక్కదాన్నే చూపించి ఊరుకునేవి నాకు నచ్చవు. మర రావడం కూడా ఆ వంట చరిత్రలో భాగమే. పొట్లాల్లో దొరికే నిష్తమల్ పొడిపిండి కూడా 1949లో మెక్సికోలోనే గ్రూమా సంస్థతో పెద్ద పరిశ్రమగా మొదలైంది. అది పనికొస్తుంది. కాని తాజాగా నూరిన మాసా రుచి, మెత్తదనం దానికి రావు.

రొట్టె కాల్చడం చూడ్డానికి తేలిక. చిన్న ఉండను అరచేతుల మధ్య తట్టో, రెండు పలకల మధ్య నొక్కో పలచన చేసి, కొమాల్ అనే మట్టి పెనం మీద వేస్తారు. మట్టి పెనానికి అంటుకోకుండా ముందే సున్నపునీళ్లు పూస్తారు. మొదటి వైపు కొద్ది క్షణాలే ఉంచి తిప్పాలి. అప్పటికి ఆ వైపు పలచటి ఎండు పొర కడుతుంది. రెండోవైపు కాస్త ఎక్కువసేపు కాలి, అక్కడా పొర కడుతుంది. మళ్లీ తిప్పితే లోపలి తడి ఆవిరవుతుంది. నీరు ఆవిరైతే దాని పరిమాణం 1,600 రెట్లకు పైగా పెరుగుతుంది. రెండు పొరల మధ్య తప్పించుకునే దారిలేక రొట్టె పొంగుతుంది. పొంగలేదంటే మాసాలో నీళ్లు తక్కువో, పెనం వేడి చాలకో, పొరకు ఎక్కడో చిల్లు పడో ఉంటుంది.

ఆ తర్వాత మోలే అనే చిక్కటి పులుసు. వహాకాలో మోలేలు ఏడు రకాలని చెప్పుకుంటారు. వాటిలో నల్ల మోలే పెళ్లిళ్లకు, పండుగలకు, చనిపోయినవారిని తలచుకునే నవంబరు రోజులకు చేస్తారు. అందులో చిల్వాక్లే, ములాతో, పసీయా వంటి ఎండు మిరపలు, నువ్వులు, బాదం, టమాటా, అరటి, దాల్చిన చెక్క, చాక్లెట్ కలిపి ఇరవైకి పైగా దినుసులు పడతాయి. మిరప గింజల్ని బొగ్గులా నల్లబడేదాకా మాడ్చి, నీళ్లలో నానబెట్టి చేదు తీసి కలుపుతారు. ఇంట్లో దగ్గు మొదలవుతుంది. తెలుగువాళ్లకు కొత్తేమీ కాదు.

మిరపకాయ పుట్టిల్లూ మెక్సికోయే. మధ్య తూర్పు మెక్సికోలో వేల ఏళ్ల కిందట సాగులోకి వచ్చింది. 16వ శతాబ్దంలో పోర్చుగీసు ఓడల్లో మన తీరాలకు చేరింది. మొక్కజొన్నలా దీనికి ప్రత్యేకమైన వండే విద్య అక్కర్లేదు. తుంచి వేస్తే చాలు. అందుకే మన దగ్గర మిరప తన సొంత దారి వెతుక్కుంది, గుంటూరు పేరు చెబితే కారమే గుర్తొచ్చేంతగా. కారం పుట్టించే క్యాప్సేసిన్ గింజల్లో తయారవదు, గింజల్ని పట్టి ఉంచే లోపలి తెల్లటి పొరలో తయారవుతుంది. నిజానికి అది రుచి కాదు. నోటిలోని నాడుల మీద టీఆర్‌పీవీ1 అనే ప్రోటీన్ ఉంటుంది. అది సుమారు 43 డిగ్రీలు దాటిన వేడికి స్పందిస్తుంది. క్యాప్సేసిన్ కూడా అదే తలుపు తెరుస్తుంది కాబట్టి మెదడు నోరు కాలిందనుకుంటుంది. డేవిడ్ జూలియస్ బృందం 1997లో ఈ ప్రోటీన్‌ను గుర్తించింది, 2021లో ఆయనకు వైద్యశాస్త్ర నోబెల్ వచ్చింది. పక్షుల్లో ఈ ప్రోటీన్ క్యాప్సేసిన్‌కు స్పందించదు. అవి పండ్లు తిని గింజల్ని దూరంగా వెదజల్లుతాయి. క్యాప్సేసిన్ నీళ్లలో కరగదు, కొవ్వులో కరుగుతుంది. కారమైతే మంచినీళ్లు ఎందుకు పెద్దగా పనిచేయవో దీన్నిబట్టి తెలుస్తుంది.

మోలే దగ్గర తెలుగు వంటగాళ్లు నేర్చుకోదగ్గది ఒకటుంది. మనం ఎండుమిరపను ఎక్కువగా కారానికి, పోపు వాసనకు వాడతాం. అక్కడ దాన్ని నానబెట్టి, గుజ్జుగా నూరి, పులుసుకు చిక్కదనంగా వాడతారు. ఆంచో వంటి మిరపలో కారం తక్కువ, ఎండు ద్రాక్షలాంటి తీపివాసన ఎక్కువ. ముద్దను పందికొవ్వులో వేయిస్తే ఎర్రటి కెరోటినాయిడ్లు, వాసన పదార్థాలు కొవ్వులో కరిగి పులుసంతా పరుచుకుంటాయి. మాంసం తిననివాళ్లు నూనెలో వేయించినా ఇదే జరుగుతుంది, చాలా తరగతుల్లో అడిగితే అలా చేయిస్తారు.

తరగతి ఎంచుకునే ముందు నిర్వాహకులను ఒక ప్రశ్న అడగాలి, మాసా మీరు గింజ నుంచి చేయిస్తారా, పొట్లం నుంచా అని. గింజ నుంచే అన్న చోటికే వెళ్లండి. వీలైతే ముందురోజు సాయంత్రం గిన్నె ఎక్కించేటప్పుడు కూడా రమ్మంటారేమో అడగండి.

తిరిగొచ్చాక ఇక్కడా చేసుకోవచ్చు. మార్కెట్లో దొరికే తీపి మొక్కజొన్న, పాప్‌కార్న్ గింజలు పనికిరావు, మామూలు ఎండు మొక్కజొన్న తీసుకోవాలి. కోళ్ల దాణాకు అమ్మేది వద్దు, తినడానికి శుభ్రం చేసిందే కావాలి. సున్నం కూడా తినడానికి తగినదే ఉండాలి, గోడలకు వేసేది కాదు. కాల్చిన రాతిసున్నం నీళ్లలో పడితే బుసబుస పొంగి చేతులు కాలుస్తుంది, కాబట్టి ముందే చల్లారిన పొడి సున్నం వాడటం మేలు. కళ్లకు తగలనివ్వకూడదు. అల్యూమినియం గిన్నెను క్షారం తినేస్తుంది, స్టీలుదో మట్టిదో తీసుకోవాలి. నానాక కడిగి, వెట్ గ్రైండర్‌లో నీళ్లు చిలకరిస్తూ రుబ్బితే ముద్ద బాగా వస్తుంది. మిక్సీలో అయితే ముద్ద వేడెక్కకుండా ఆపి ఆపి తిప్పాలి. ఉండ నొక్కినప్పుడు అంచులు పగిలితే ఇంకొంచెం నీళ్లు, చేతికి అంటుకుంటే కాసేపు ఆరనివ్వడం. పెనం బాగా కాలాకే మొదటి రొట్టె వేయండి.